అశ్లీలమా? ఆవేదనయా?

శృంగారమును పురుషుడు వర్ణించిన రసమనియు, స్త్రీ వర్ణించిన బూతనియు తీర్పుచెప్పు న్యాయమొకటి మన సాహిత్యమున చిరకాలము చెల్లినది. ఆ న్యాయమునకు బలియైన కావ్యము ముద్దుపళని రచించిన ‘రాధికాసాంత్వనము’.

ముద్దుపళని పదునెనిమిదవ శతాబ్దమున తంజావూరు నేలిన ప్రతాపసింహుని ఆస్థానమందలి విదుషి. ఆమె చెప్పిన కథ యేమి? రాధ తాను పెంచిన ఇళాకన్యను, యుక్తవయస్సు రాగానే, తన ప్రాణప్రియుడగు శ్రీకృష్ణునకే యిచ్చి పెండ్లి చేయును. వధువునకు బుద్ధులు గఱపి, వరునకు హితవు చెప్పి, వారిని శయ్యాగృహమునకు పంపును. పిదప తానొంటరిగా కుములును. అందు శృంగారవర్ణనలు మెండు; ఆ మాట దాచబనిలేదు. కాని యోచింపుడు: ఇక్కడి సవతి పరాయిది కాదు, తన చేతులలో పెరిగిన పిల్ల. రాధ యెవరిని ద్వేషింపవలెను? ఆ పిల్లనా? ప్రియునా? తన్ను తానా? బహుభార్యాత్వము ఇంటిలో పెట్టు చిచ్చును ఇంతకంటె లోతుగా చూపిన ఉపన్యాసమేది? తుదకు దేవుడే వచ్చి ఆమెను బతిమాలి యూరడించును. కోరికయు కోపమును గలిగి, ప్రార్థింపబడునది స్త్రీ యగుటయే పలువురకు కంటగింపయ్యెను.

వీరేశలింగము పంతులుగారు 1881లో రాజమహేంద్రవరమున వితంతు వివాహము జరిపించిన మహనీయులు. వారి ఋణము తీరునది కాదు. అయినను ‘ఆంధ్రకవుల చరిత్రము’లో వారు ముద్దుపళని వృత్తిని ఎత్తిచూపి, ఆమె పద్యములు స్త్రీ నోట రాదగినవి కావని దూషించిరి. పద్యమును తూచుటకు కవయిత్రి కులము తూనికరాయి యగునా?

ఈ ప్రశ్న నడిగినది బెంగుళూరు నాగరత్నమ్మ. పూర్వముద్రణమున కవయిత్రి పీఠికయు కొన్ని పద్యములును తొలగింపబడి యుండగా, ఆమె వ్రాతప్రతిని సంపాదించి, పరిష్కరించి, 1910లో వావిళ్లవారిచే సమగ్రముగా అచ్చువేయించెను. సిగ్గు స్త్రీలకే గాని పురుషులకు లేదాయని తన పీఠికలో పంతులుగారిని నిలదీసెను. మరుసటి యేడే ప్రభుత్వము గ్రంథమును అశ్లీలమనెను. పోలీసులు ప్రతులను పట్టుకొనిరి.

‘ఇట్టి పుస్తకమును పిల్లల చేతికిత్తుమా?’ యని కొందరందురు. ఈయవద్దు. అది పెద్దల పుస్తకము. కాని ఎదిగిన స్త్రీ పసిపిల్ల కాదు. ఆమె చదువునకు కావలివాడు అక్కఱలేదు. ‘దీనిని మెచ్చిన దేవదాసీ ఆచారమును మెచ్చినట్లే’ యని మఱికొందరందురు. ఈ వాదమునకు 1947 సంవత్సరమే సమాధానము. ఆ యేట టంగుటూరి ప్రకాశము పంతులుగారు ఈ గ్రంథముపై నిషేధమును తొలగించిరి. ఆ యేటనే మదరాసు శాసనసభ బాలికలను దేవదాసీలుగా అంకితము చేయుటను నిషేధించెను. దాస్యమును తెంచుట, గొంతును విడిపించుట ఒకే సంస్కారమునకు రెండు చేతులు.

ఆ పంతులుగారి పేరే 1972లో ఒంగోలు జిల్లాకు పెట్టబడినది. నాటి ఆ జిల్లాకు పడమటి సీమయగు మార్కాపురము, గిద్దలూరు, అర్ధవీడు ప్రాంతముల గృహస్థులు ఆయన చేసిన యీ పనిని గూడ ఎఱుగవలెను. 1955 నాటి హిందూ వివాహ చట్టము రెండవ పెండ్లిని మాన్పినది. కాని ఇంటి పరువు పేర తన బాధను దిగమ్రింగు రాధ మన యిండ్లలో నేటికిని ఉన్నది. ఆమె నోరు విప్పిననాడు ‘సిగ్గులేదా?’ యనకుడు. ఏమి జరిగినదని అడుగుడు.