యాస తెరకెక్కింది, గోస ఏది?

కోటగిరి: మన పొంటి బాన్సువాడ పేరు 2017లో ‘ఫిదా’తో ఊరూరా మారుమోగింది. 2023లో ‘బలగం’ చూసి పల్లెలకు పల్లెలు కంటతడి పెట్టినయి. ఒకప్పుడు విలన్‌కూ, కమెడియన్‌కూ అంటగట్టిన మన యాస ఇప్పుడు వసూళ్లు తెచ్చిపెడుతున్నది. సంతోషమే. కానీ ఈ బాట వేసినోన్ని యాది చేసుకుంటున్నమా?

ఉమ్మడి మెదక్ జిల్లా ప్రజ్ఞాపూర్ బిడ్డ బి.నర్సింగరావు. చిత్రకారుడు, కవి, ఫొటోగ్రాఫర్, నటుడు, సంగీతకారుడు, నిర్మాత, దర్శకుడు. 1980లో విడుదలైన ‘మా భూమి’కి నిర్మాతల్లో ఒకరు, రచనలోనూ చెయ్యి ఉంది. సాయుధ పోరాటాన్ని తెరకెక్కించడానికి బెంగాల్ నుంచి గౌతం ఘోష్ రావలసి వచ్చింది. తెలుగు సినిమా పెద్దలకు ఆ కథ పట్టలేదు మరి! అదే సినిమాలో గద్దర్ తెర మీద గొంతెత్తిండు.

1983లో ‘రంగుల కల’కు దర్శకుడు, కథానాయకుడు నర్సింగరావే. 1988లో ‘దాసి’కి రచన, సంగీతం, దర్శకత్వం ఆయనవే. దొరసానితో పాటు అరణంగా వచ్చిన ఆడపిల్ల గడీ గోడల నడుమ పడ్డ నరకం అది. ఉత్తమ తెలుగు చిత్రం, ఉత్తమ నటిగా అర్చనతో కలిపి 5 జాతీయ అవార్డులు వచ్చినయి. పొట్ట చేతబట్టుకొని నగరానికి పోయిన కూలీల బతుకు ‘మట్టి మనుషులు’.

ఒక్క మనిషి ఇన్ని పనులు ఎందుకు చేసిండు? ప్రతిభ ఉన్నది, నిజమే. కానీ మన కథకు పైసలు పెట్టేటోడు, మన చరిత్ర తెలిసినోడు పరిశ్రమలో లేకపోవడం అంతకన్నా పెద్ద కారణం. లోటును ఒక్కడే మోసిండు.

ఇప్పుడు ఆ సాకు లేదు. 2014లో రాష్ట్రం వచ్చింది. 2025లో గద్దర్ పేరిట సినిమా అవార్డులూ ఇచ్చినరు. యాస వచ్చింది, పెండ్లి వచ్చింది, చావు వచ్చింది. మరి బోధన్ ఏది? నిజాం షుగర్స్ 2002లో ప్రైవేటు చేతికి పోయింది. స్వరాష్ట్రం వచ్చిన ఏడాదిన్నరకే, 2015 డిసెంబర్‌లో, మూతపడ్డది. చెరుకు రైతు బండి ఎటు మళ్లింది? కార్మికుని ఇంట్ల పొయ్యి ఎట్ల వెలిగింది? గడీని నిలదీసిన కెమెరా ఫ్యాక్టరీ గేటు ముందట ఎందుకు నిలబడదు?

అవార్డు ఇచ్చి చేతులు దులుపుకుంటే సరిపోదు. ‘మా భూమి’, ‘దాసి’ సినిమాలను ప్రతి డిగ్రీ కాలేజీలో చూపాలె. వాటి ప్రతులను సర్కారు భద్రం చెయ్యాలె. చిన్న సినిమాకు వారంలో కొన్ని ఆటలన్నా థియేటర్ దక్కాలె.

విద్యార్థులారా, నర్సింగరావు కాలంలో కెమెరా దొరకడమే గగనం. ఇయ్యాల అది మీ జేబులోనే ఉన్నది. ఉద్యోగ మిత్రులారా, ఉద్యమానికి ఒకరోజు జీతం ఇచ్చిన చేతులు మీవి. ఒక పిల్లగాని మొదటి సినిమాకు అండగ నిలవలేవా? మన గోసను మనం తీయకుంటే, రేపు ఇంకెవరో తమకు తోచినట్టు తీస్తరు. అప్పుడు మళ్లీ మొత్తుకోవడమే మిగులుతది.