వేలిముద్ర వేసేముందు

భూమి పోయిన ఊళ్లలో అందరూ అడిగే ప్రశ్న ఒకటే: ఎకరాకు ఎంతిచ్చారు? చాలదనుకుంటే ఎదురుచెప్పే వీలు ఎవరికి దక్కిందని కూడా మనం అడగాలి.

2014 జనవరి 1న అమల్లోకొచ్చిన కేంద్ర భూసేకరణ చట్టం కింద, అవార్డు ప్రకటించేటప్పుడు హాజరైనవారు ఆరు వారాల్లోగా కలెక్టరుకు దరఖాస్తు పెట్టుకోవాలి. రానివారికి నోటీసు అందాక ఆరు వారాలు, లేదా అవార్డు నాటినుంచి ఆరు నెలలు. ఏది ముందైతే అది. అభ్యంతరం తెలపకుండా డబ్బు పుచ్చుకుంటే ఆ హక్కూ పోతుంది. 1894 నాటి చట్టంలోనూ ఇదే తీరు.

భూమితో సంబంధమున్న వారందరికీ నోటీసు ఇవ్వాలంటుంది చట్టం. ఆచరణలో అది పాసుపుస్తకంలో పేరున్న మగవాడి చేతికి వెళ్తుంది. అదే పొలంలో నాట్లేసి కలుపు తీసిన స్త్రీకి గడువు మొదలైన సంగతే తెలియదు. భర్త పోయాక పేరు మార్పిడి జరగని స్త్రీ ఎవరి లెక్కలోనూ ఉండదు. వితంతువులను, భర్త వదిలేసినవారిని విడి కుటుంబాలుగా గుర్తించింది కూడా ఈ చట్టమే!

అవార్డు సంగతి తెలిసిన నాటినుంచే గడువు లెక్కించాలని పాత చట్టం కింద సుప్రీంకోర్టు 1961లోనే చెప్పింది. తెలియజేయడం దయ కాదు, న్యాయంలో భాగం.

అందుకే మన డిమాండ్లు స్పష్టంగా ఉండాలి. సాగుచేసే ప్రతి స్త్రీకీ ఆమె పేరుతోనే నోటీసు ఇవ్వాలి. అవార్డును గ్రామసభలో తెలుగులో చదివి వినిపించాలి. వేలిముద్ర వేయించుకునే ముందు, అభ్యంతరం రాయించుకునే హక్కుందని ఆమెకు చెప్పాలి. అది చెప్పని అధికారి ఆమె నోరు నొక్కినట్టే.