కొన్న ఆటలు ఎక్కడ ఉన్నవి?

వార్షిక సంచికకు వ్యాసం వ్రాయమని అడిగినప్పుడు విద్యార్థులు సాధారణంగా క్రమశిక్షణను గురించో, దేశాభివృద్ధిలో యువతరం పాత్రను గురించో వ్రాస్తారు. మేము వీడియో ఆటలను గురించి వ్రాయబూనుకున్నాం. నవ్వదలచినవారు ఇక్కడే నవ్వి ముందుకు సాగవచ్చు. ఆటలు చదువుకు చేటని వాదించేవారితో ఈ వ్యాసంలో మాకు తగవు లేదు. ఆ వాదం పరీక్షల ముందు ప్రతి ఇంట్లోనూ జరుగుతూనే ఉన్నది. మేము చెప్పదలచినది వేరు. డబ్బు చెల్లించి కొన్న వస్తువు ఎక్కడ ఉన్నదో, దానిపై కొన్నవానికి ఏపాటి హక్కు ఉన్నదో తెలియని స్థితి ఒకటి మన కళ్ళ ముందే ఏర్పడింది. అది అందరికంటే ముందుగా ఆటగాళ్ళ అనుభవంలోకి వచ్చింది.

మా వసతిగృహ మిత్రుడొకనికి జరిగిన సంగతి మమ్మల్ని ఈ విచారణకు పురికొల్పింది. అతని అన్నగారు కొన్నేళ్ళ క్రితం ఉద్యోగ నిమిత్తం జెద్దా వెళ్ళారు. వెళుతూ తన కంప్యూటరును తమ్మునికి అప్పగించి, "ఇందులోని ఆటలన్నీ ఇక నీవేరా" అన్నారట. తమ్ముడూ అలాగే భావించాడు. గత సంవత్సరం ఆ కంప్యూటరులోని హార్డ్‌డిస్కు చెడిపోయింది. కొత్తది వేయించి ఆటలను మళ్ళీ డౌన్‌లోడు చేయబోగా స్టోరు పాస్‌వర్డు అడిగింది. అన్నగారికి అది జ్ఞాపకం లేదు. మార్చుకుందామంటే ఓటీపీ ఆయన పాత ఫోను నంబరుకు పోతున్నది. ఆ నంబరు వాడక మానివేసి చాలాకాలమైనందున అది ఇంకెవరికో కేటాయింపబడింది. మిత్రుడు ఆ నంబరుకు ఫోను చేసి ప్రాధేయపడగా ఎవరో పెద్దావిడ, "మీరెవరో నాకు తెలియదు బాబూ, ఓటీపీ ఎవరికీ చెప్పవద్దని మా అబ్బాయి చెప్పాడు" అని పెట్టివేశారు. ఆమె చేసినది సరియైన పనే!

స్టోరువారికి వ్రాస్తే ఖాతా మీదేనని ఋజువు చూపమన్నారు. ఆనాటి ఈమెయిలు ఖాతా ఎప్పుడో మూతపడింది. ఉత్తర ప్రత్యుత్తరాలతో మూడు వారాలు గడిచినవి. చివరకు అన్నగారికి ఒక విషయం తట్టింది. ఆ ఖాతాలో చేర్చిన మొట్టమొదటి ఆటను ఆయన సికింద్రాబాదు చెనాయ్ ట్రేడ్ సెంటర్‌లో డీవీడీ పెట్టెగా కొన్నారు. ఆ పెట్టెలో సంకేతాక్షరాలు ముద్రించిన చీటీ ఒకటి ఉండేది. వాళ్ళ అమ్మగారు పెద్దకొడుకు వస్తువు ఒక్కటీ పారవేయక ట్రంకు పెట్టెలో దాచారు. పదవ తరగతి మార్కుల జాబితా క్రింద ఆ డీవీడీ దొరికింది. చీటీ ఫోటో పంపిన నాలుగవనాడు ఖాతా తెరుచుకున్నది. 38 ఆటలు వరుసగా తెరపైకి వచ్చినవి. అందులో ఒక ఫుట్‌బాల్ ఆటలో అన్నదమ్ములిద్దరూ కలిసి కూర్చిన జట్టు, లీగ్ పట్టికలో నాలుగవ స్థానంలో, వారు విడిచిన చోటనే నిలిచి ఉన్నది. మిత్రుడు ఆ తెరను ఫోటో తీసి జెద్దాకు పంపాడు. ఆ రాత్రి అన్నదమ్ములు చాలాసేపు ఫోనులో మాట్లాడుకున్నారు.

ఆ తరువాత కుతూహలంతో మేము నలుగురం కూర్చుని ఆ స్టోరు ఒప్పంద పత్రాన్ని మొదటినుండి చివరి వరకు చదివాం. (దానిని పూర్తిగా చదివినవారు మా వసతిగృహంలో అంతవరకు ఎవరూ లేరు.) ఖాతాను ఇతరులకు అమ్మరాదు, ఇవ్వరాదు అని అందులో స్పష్టంగా ఉన్నది. అనగా అన్నగారు జెద్దా వెళుతూ అన్న ఆ మాటకు విలువ లేదు. కంప్యూటరు తమ్మునిది అయినది. ఆటలు కాలేదు.

ఈ పరిస్థితి ఎట్లా వచ్చిందో కొంత చెప్పవలసి ఉన్నది. వాల్వ్ అనే అమెరికా సంస్థ 2003లో స్టీమ్ అనే స్టోరును ప్రారంభించింది. మరుసటి సంవత్సరం వారి హాఫ్-లైఫ్ 2 వెలువడినప్పుడు, అంగడిలో డిస్కు కొన్నవారు సైతం స్టీమ్‌లో ఖాతా తెరిచి నమోదు చేసుకుంటేనే ఆట నడిచింది. డిస్కు వస్తువుగా ఉండడం మాని తాళపుచెవిగా మారింది. అక్కడినుండి ఒక్కొక్క సంస్థ ఒక్కొక్క స్టోరు తెరిచింది. 2018లో ఎపిక్ సంస్థ తన స్టోరు తెరిచి ఉచితంగా ఆటలు పంచిపెట్టసాగింది. ప్లేస్టేషన్‌కు ఒకటి, ఎక్స్‌బాక్స్‌కు ఒకటి, నింటెండోకు ఒకటి; ఫోనులో గూగుల్‌ది ఒకటి, యాపిల్‌ది ఒకటి. ఒకచోట కొన్నది మరొకచోట సాధారణంగా చెల్లదు. ఒకే సంస్థకు చెందిన ఎక్స్‌బాక్స్‌లోనూ విండోస్‌లోనూ ఒకే కొనుగోలుతో ఆడగల ఆటలు కొన్ని ఉన్నమాట నిజమే. అది మినహాయింపు మాత్రమే.

ఈ విధంగా ఒక మనిషి ఆటలు అయిదారు ఇళ్ళలో చెదరి ఉంటాయి. ఏది ఏ ఇంట ఉన్నదో అతనికే తెలియదు. ఉన్న ఆటనే రెండవసారి కొన్నవారు మాలో ఇద్దరు ఉన్నారు. పేర్లు చెప్పవద్దని కోరారు.

వెదకదలచినవారికి మార్గం లేకపోలేదు. అన్నిటికంటే నమ్మకమైనది పాత ఈమెయిలు. ప్రతి స్టోరూ కొనుగోలుకు రసీదు పంపుతుంది కనుక, స్టోరు పేరుతో వెదికితే మరచిన ఖాతాలు కూడా బయటపడతాయి. స్టీమ్‌లో కొనుగోళ్ళ చరిత్ర పూర్తిగా ఉంటుంది. జాబితాలో కనబడని ఆట దాచిన ఆటల విభాగంలో ఉండవచ్చు. ప్లేస్టేషన్, ఎక్స్‌బాక్స్‌లలో ప్రస్తుతం యంత్రంలో ఉన్నవి వేరు, కొన్నవి వేరు. రెండవ జాబితాను తెరిచి చూడాలి. ఫోనులోనైతే ఇన్‌స్టాల్ చేయని యాప్‌ల జాబితా స్టోరులోనే ఉంటుంది. వీటన్నిటినీ ఒకే పట్టికగా చూపే సాధనాలు కూడా వచ్చినవి. జీఓజీ సంస్థవారి గెలాక్సీ, ఎవరైనా ఉచితంగా వాడుకోగల ప్లేనైట్ అట్టివి. మేము ప్లేనైట్‌ను వాడి చూశాం. ఆటలను వెదకడానికి అది ఎంతో సుఖంగా ఉన్నది. కాని అది విషయసూచిక వంటిదే. పుస్తకాలు వేరేవారి బీరువాలలో, వేరేవారి తాళాల క్రింద ఉన్నప్పుడు విషయసూచిక ఎంత చక్కగా ఉంటే మాత్రం ఏమి లాభం?

ఇంకొక చిక్కు కూడా ఉన్నది. నెలసరి చందాపై వచ్చే ఆటలు పట్టికలో కొన్న ఆటల ప్రక్కనే నిలబడతాయి. చందా ఆగిన మరునాడు తాళం పడుతుంది. మా జూనియరొకడు తనకు నూరు ఆటలున్నవని గొప్పగా చెప్పుకునేవాడు. చందా ముగిశాక లెక్కిస్తే ఏడు తేలినవి.

తాళం వేసే అధికారం ఉన్నవారు దానిని వాడిన సందర్భాలు తక్కువేమీ కాదు. యూబీసాఫ్ట్ సంస్థ 2014లో విడుదల చేసిన ది క్రూ అనే కార్ల పందెపు ఆట 2024 మార్చి 31న ఆగిపోయింది. సర్వర్లతో సంబంధం లేనిదే ఒంటరిగా కూడా ఆడలేని విధంగా దానిని నిర్మించినందున, సర్వర్లు ఆగిననాడే కొన్నవారి చేతిలో ఏమీ మిగలలేదు. నింటెండో తన వై యంత్రపు స్టోరును 2019లో, 3డీఎస్, వై యూ యంత్రాల స్టోర్లను 2023 మార్చిలో మూసివేసింది. పాత 3డీఎస్ కొనుగోళ్ళను మళ్ళీ దించుకొనే వీలు మాత్రం మూసివేత తరువాత కూడా ఉంచారు. మైన్‌క్రాఫ్ట్ ఆడేవారు పాత మొజాంగ్ ఖాతాలను 2023 సెప్టెంబరులోగా మైక్రోసాఫ్ట్ ఖాతాలుగా మార్చుకోవలసి వచ్చింది. గడువు సంగతి తెలియనివారు డబ్బు పెట్టి కొన్న ఆటను పోగొట్టుకున్నారు. యాపిల్ ఫోన్లలో 2017లో వచ్చిన మార్పుతో 32-బిట్ ఆటలు ఒక్కసారిగా మూగవోయినవి.

మన దేశపు అనుభవం చాలామంది పాఠకులకు తెలిసినదే. 2020 సెప్టెంబరులో ప్రభుత్వం పబ్‌జీ మొబైల్‌ను నిషేధించింది. నిషేధపు మంచిచెడ్డలు ఇక్కడ చర్చించము. మరుసటి సంవత్సరం అదే ఆట బీజీఎంఐ అనే పేరుతో వచ్చినప్పుడు పాత ఖాతాలోని సొత్తును కొత్త ఖాతాలోకి మార్చుకొనడానికి గడువు ఇచ్చారు. ఆ గడువులో మేలుకున్నవారికి దక్కింది. 2022 జూలైలో అదీ స్టోర్లనుండి తొలగి, 2023 మేలో తిరిగి వచ్చింది. పల్లెలో తండ్రి ఫోనులో ఆడుకొని, తండ్రి ఖాతాతో నమోదై, ఆ ఫోను అమ్మివేశాక ఏమయినదో తెలియని పిల్లల లెక్క ఎవరు వ్రాశారు?

అందరూ ఒకే తీరుగా ప్రవర్తించలేదని కూడా చెప్పాలి. గూగుల్ సంస్థ స్టేడియా అనే సేవను 2023 జనవరిలో మూసివేసినప్పుడు తన స్టోరులో ఆటలు కొన్నవారికి డబ్బు తిరిగి ఇచ్చింది. 2008లో ప్రారంభమైన జీఓజీ స్టోరు ఆటలను తాళం లేకుండా అమ్ముతుంది; ఇన్‌స్టాలర్ ఫైలును మన డిస్కులో దాచుకుంటే ఆ స్టోరు ఉన్నా లేకున్నా దానితో ఆటను మళ్ళీ నెలకొల్పుకోవచ్చు. చేయదలచుకుంటే చేయగల పనే అని దీనివలన తెలుస్తున్నది.

సంస్థల పక్షాన చెప్పదగినవి లేకపోలేదు. డిస్కు గీతలు పడి పాడవుతుంది, పోతుంది. ఖాతాలోని ఆట అట్లా పోదు. తగ్గింపు ధరలు లేకుంటే మా వంటి విద్యార్థులు ఇన్ని ఆటలు కొనగలిగేవారే కారు. చట్టం దృష్టిలో డిస్కుల కాలంలో కూడా మనకు దక్కినది అనుమతి మాత్రమే అని కూడా వారంటారు. ఆ మాటనే పట్టుకుని మేము అడుగుతున్నాం. ఆనాటి అనుమతి డిస్కుతోపాటు చేతులు మారేది. తమ్మునికి ఇవ్వవచ్చు, మిత్రునికి అరువియ్యవచ్చు, పాత వస్తువుల అంగడిలో సగం ధరకు అమ్మవచ్చు. మన కళాశాల గ్రంథాలయంలో అక్సెషన్ రిజిస్టరు ఒకటి ఉన్నది. ప్రతి పుస్తకానికీ అందులో ఒక సంఖ్య, కొన్న తేది, వెల ఉంటాయి. ప్రచురణకర్త వ్యాపారం మానుకున్నాడని ఏ రాత్రీ ఏ పుస్తకమూ ఆ బీరువానుండి మాయం కాలేదు. ఆ పుస్తకాన్ని గ్రంథాలయం కొన్నది, మేము అరువు తెచ్చుకున్నాం. రెండు మాటలకూ రెండు అర్థాలున్నవి. స్టోరువారు చేసేది రెండవ పని. మీటపై వ్రాసేది మొదటి మాట.

ఈ మాట విషయమై కాలిఫోర్నియా రాష్ట్రం ఒక చట్టం చేసింది. 2025 జనవరి 1 నుండి అక్కడ, తరువాత ఉపసంహరింపదగిన డిజిటల్ సరుకును అమ్మేవారు, ఇది లైసెన్సు మాత్రమే అని స్పష్టంగా తెలియజెప్పకుండా కొనండి అనే మాట వాడరాదు. శాశ్వతంగా దించి దాచుకోగల సరుకుకు ఆ నిబంధన వర్తించదు. ఐరోపాలో ది క్రూ ఆగిపోయిన తరువాత, అమ్మిన ఆటలను నిరుపయోగం చేయరాదని కోరుతూ సాగిన పౌరుల అర్జీపై 2025 జూలైలో సంతకాలు 10 లక్షలు దాటినవి. కేవలం కాలక్షేపం కొరకు ఇంతమంది సంతకం చేస్తారని మేము అనుకోము. అమెరికాలో 2010కి పూర్వం విడుదలైన ఆటలలో నూటికి 87 ఈనాడు ఏ అంగడిలోనూ దొరకవని వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్ 2023లో తేల్చింది. మన ముందు తరం విన్న పాటల్లో నూటికి 87 ఎక్కడా దొరకవని చెబితే పెద్దలు ఊరుకుంటారా?

మన దేశంలో 2019 నాటి వినియోగదారుల రక్షణ చట్టం ఉన్నది. కొనడం, అద్దెకు తీసుకొనడం అనే రెండింటినీ స్టోరువారు వేరువేరుగా చెప్పి తీరవలెనని మన నియమాలలో కూడా చేర్చాలని మా కోరిక. బ్యాంకు ఖాతాకు నామినీ ఉన్నాడు, బీమా పాలసీకి నామినీ ఉన్నాడు. ఆటల ఖాతాకు ఉండకూడదనడానికి మాకు కారణం కనబడదు. ఇంటి పెద్దకొడుకు గల్ఫ్ దేశాలలో ఉండి, చిన్నవారు ఇక్కడ ఉన్న కుటుంబాలు మన జిల్లాలలో ఎన్ని ఉన్నవో వేరుగా చెప్పనక్కరలేదు. ఇక సర్వర్లు ఆపదలచిన సంస్థ, ఆపేముందు ఆట ఒంటరిగానైనా నడిచే మార్గం చూపాలి. పాత ఆట మీద లాభం లేదంటే సరే. అమ్మిననాడు లాభం వచ్చింది కదా!

చట్టం వచ్చే వరకు మేము చేయగలిగినది మేము చేశాం. గ్రంథాలయపు రిజిస్టరును చూసి, రెండు వందల పేజీల నోటుబుక్కులో గీతలు గీసి, వసతిగృహంలోని పదకొండు మంది ఆటలకు జాబితా వ్రాశాం. ఆట పేరు, స్టోరు, ఖాతాకు జోడించిన ఈమెయిలు, ఫోను నంబరు, కొన్న తేది, చందాదా సొంతమా అనే గడులు ఉన్నవి. పాస్‌వర్డులు వ్రాయలేదు, అవి ఎవరివి వారి దగ్గరే ఉండాలి. చివరి గడిలో ఋజువు ఎక్కడ ఉన్నదో వ్రాశాం. పదిమందికి అక్కడ ఈమెయిలు రసీదు అని ఉన్నది. జెద్దా అన్నగారి ఖాతాకు ఎదురుగా మాత్రం అమ్మగారి ట్రంకు పెట్టె అని ఉన్నది. మిత్రుడు సెలవులకు వెళ్ళినప్పుడు ఆ చీటీని మళ్ళీ పెట్టెలో పెట్టి వచ్చాడు. దీనిని ఇంకా ఎన్నాళ్ళు దాచమంటావని అమ్మగారు అడిగారట. ఏమి చెప్పాలో తెలియక, అన్నయ్య వచ్చే వరకు దాచమన్నాడు.