గుంటూరు గ్రహణము – హీలియము

విభవ నామ సంవత్సర శ్రావణ బహుళ అమావాస్య, మంగళవారము. అనగా 1868 వ సంవత్సరము ఆగష్టు 18 వ తేదీ. ఆనాడు మన తెలుగుదేశము మీదుగా సంపూర్ణ సూర్యగ్రహణము సాగిపోయినది. ఊరగాయ జాడీలపై దర్భలు వేసి జనులు పట్టుస్నానములకు బయలుదేరుచుండగా, గుంటూరిలో ఒక ఫ్రెంచి వర్తకుని యింట జాన్సెన్ అను ఫ్రెంచి పండితుడు తన దుర్భిణికి వర్ణపటదర్శినిని బిగించి, బింబము మఱుగుపడు క్షణమునకై కాచుకొనియుండెను. ఆఱు నిమిషములైనను నిండని ఆ చీకటిలో ఆయన చూచిన వెలుగు రసాయనశాస్త్రమునకు ఒక క్రొత్త మూలకమును చేర్చిన కథకు నాంది యయ్యెను. ఈ కథ గుంటూరివారిలోనే యెందఱెఱుగుదురో మాకు సందేహము.

పొయ్యిలో ఉప్పుకల్లు పడినపుడు మంట పసుపుపచ్చగా మండుట మన యింటి స్త్రీలందఱును చూచినదే. ఆ రంగు ఉప్పులోని సోడియమునకు చెందినది. వాయురూపమున వెలుగుచున్న ప్రతి మూలకమును తనకే చెల్లిన రంగు గీతలను చూపును. ఒకదాని గీతలు మఱియొకదానికి రావు. జర్మనీదేశమున బున్సెన్, కిర్కాఫ్ పండితులు ఈ మర్మమును స్థాపించి, దాని సాయముననే 1860 లో సీసియమును, 1861 లో రుబీడియమును కనుగొనిరి. భూమిమీది మంటకు వర్తించు న్యాయము ఆకాశమందలి సూర్యునకును వర్తింపవలెను గదా! ఆ పరీక్షకే ఐరోపా పండితులు సముద్రములు దాటి మన ఊళ్లకు వచ్చిరి.

గ్రహణవేళ సూర్యుని అంచున ఎఱ్ఱని జ్వాలలు లేచుటయు, వాని కాంతి ప్రకాశవంతములైన గీతలుగా విడిపోవుటయు జాన్సెన్ చూచెను. ఆ గీతలు ఎంత స్పష్టములుగా నుండెననగా, గ్రహణము లేకున్నను వీనిని చూడవచ్చునని ఆయనకు తోచెను. మఱునాడే పట్టపగలు చూచెను. అక్టోబరులో ఇంగ్లండునందు లాక్యర్ అను పండితుడును ఈ ఉపాయమునే స్వతంత్రముగా సాధించెను. ఇరువురి లేఖలును పారిసు విజ్ఞాన పరిషత్తునకు ఒక్కసారియే చేరగా, ఫ్రెంచి ప్రభుత్వము ఇరువురి ముఖములతో ఒకే పతకమును వేయించి గౌరవించెను. జ్వాలల కాంతిలోని పసుపుగీత సోడియము గీతలకు దగ్గఱగా నున్నను వానితో కలియలేదు. అది క్రొత్త మూలకమునకు చెందినదని లాక్యర్ తలంచెను. గ్రీకుభాషలో సూర్యునికి హీలియోస్ అని పేరు. దానినిబట్టి ఈ మూలకము హీలియమైనది. తోడి పండితులు పలువురు నమ్మలేదు. 1895 లో రామ్సే పండితుడు క్లీవైటు అను యురేనియపు ఖనిజమునుండి వెలువడిన వాయువులో ఆ పసుపుగీతనే చూచి సందేహమును తీర్చెను.

కావున 'హీలియమును గుంటూరిలో కనుగొనిరి' అని చెప్పుకొని మురియుట సరికాదు. కథ గుంటూరిలో మొదలైనది. లండనులో పేరు పెట్టించుకొన్నది. ఇరువది యేడేండ్లకు ఋజువైనది. లేని గొప్పను చెప్పుకొను జాతి ఉన్న గొప్పను కూడ పోగొట్టుకొనును. ఉన్నదానినే చెప్పుకొందము, అది చాలును.

ఉన్నది తక్కువది కాదు. అదే గ్రహణమును మచిలీపట్టణమునుండి మద్రాసు నక్షత్రశాలాధిపతి పోగ్సన్ పరిశీలించెను. పసుపుగీత సోడియము చోటనే యున్నదో, దాని చెంతనున్నదో యని ఆయనకును సంశయము కలిగెను. కాని ఆయన నివేదిక మద్రాసులో సర్కారు ముద్రణముగా వెలువడెనే గాని లోకమున నలుగురు చదువు శాస్త్రపత్రికలకెక్కలేదు. నలుగురికి చేరని జ్ఞానము పాతిపెట్టిన ధనము వంటిది.

ఆ దినముననే నైజాము రాష్ట్రమందలి వనపర్తికి మద్రాసు నక్షత్రశాలనుండి వేఱొక బృందము వెళ్లెను. దానికి నాయకుడు చింతామణి రఘునాథాచార్యులు; మనవాడు. ఆయన 1867 లో ఒక చరతారను కనుగొనెను. 1874 నాటి శుక్రగ్రహ సంక్రమణమునుగూర్చి సామాన్యులకై దేశభాషలలో పుస్తకములు వెలువరించెను. నక్షత్రమును చూచుట యెంత ముఖ్యమో, చూచినదానిని తనవారి భాషలో చెప్పుటయు నంత ముఖ్యమని ఆయన యెఱిగియుండెను. మన పాఠ్యపుస్తకములలో జాన్సెన్ పేరైన నెక్కడనో కనబడును. ఈయన పేరును వెదకినను దొరకుట కష్టము. ఇది ఎవరి తప్పు?

హీలియము నేడు పండితుల విలాసవస్తువు కాదు. సున్నకు దిగువ 269 డిగ్రీలవద్దగాని అది ద్రవముగా మాఱదు. ఆ ద్రవము చల్లదనముననే వైద్యశాలలలోని ఎం.ఆర్.ఐ. యంత్రముల అయస్కాంతములు పనిచేయుచున్నవి. రాకెట్టుల యింధనపు తొట్లలో ఒత్తిడి నిలుపుటకును, లోహముల నతుకుటకును, లోతు నీటిలో దిగువారి శ్వాసవాయువునందు కలుపుటకును ఇదియే కావలయును. భూగర్భమున యురేనియము, థోరియము క్షయించునపుడు పుట్టు ఈ వాయువు ఒకసారి గాలిలో కలిసెనా, మరల పట్టుట దుర్లభము. తుదకది ఆకాశమునకు ఎగిరిపోవును. థోరియము గల మోనజైటు మన భీమునిపట్నపు ఇసుకలోనే యున్నది. అయినను మనదేశమునకు వలయు హీలియములో పెద్దపాలు నేటికిని విదేశములనుండియే వచ్చుచున్నది. ఎవరి ఆకాశమున దాని తొలివెలుగు కనబడెనో వారే దానికై పరుల యెదుట చేయి చాపుచున్నారు!

టాటాగారి కోరికపై మనదేశమునకు వచ్చి, విజ్ఞానపరిశోధనాలయమునకు బెంగుళూరు తగిన చోటని సూచించినవాడు ఆ రామ్సే పండితుడే. 1909 లో స్థాపితమైన ఆ సంస్థ ఫలము నేడు లోకమెఱుగును. ఒక సంస్థ చేయగలిగినదానిని వేయి పాఠశాలలు కలసి చేయలేవా?

మేము కోరునది పెద్ద వ్యయముతో కూడినది కాదు. ఆగష్టు 18 వ తేదీని గుంటూరు, మచిలీపట్టణము, వనపర్తి పాఠశాలలు వర్ణపటదినముగా జరుపవలెను. ఆ నాడు ప్రతి విద్యార్థియు ఒక పట్టకముగుండ ఉప్పుమంట పసుపును, హీలియము గొట్టపు పసుపును తన కన్నులతో చూచి భేద మెఱుగవలెను. ప్రతి గ్రంథాలయమునందును రఘునాథాచార్యుల చరిత్ర తెలుగున నుండవలెను. నాడు భూమి మనది, ఆకాశము మనది. గుంటూరిలో దుర్భిణి మాత్రము పరులది. నేడు దుర్భిణియు మనదే కావచ్చును. దానికి కన్ను ఆనించు బాలుని సిద్ధముచేయుట మన వంతు.