దెయ్యం చేపను వదిలిందెవరు?

సక్కర్‌మౌత్ క్యాట్‌ఫిష్ మీద రాసే ప్రతి జవాబులోనూ చేపే ముద్దాయి. దక్షిణ అమెరికా నుంచి అది మన చెరువులకు ఈదుకుంటూ రాలేదు. అక్వేరియం అద్దానికి పట్టిన నాచు తింటుందని అమ్మారు, తొట్టి చాలనంత పెరిగాక నీళ్లలో వదిలారు. ఇప్పుడది గట్లలో బొరియలు తవ్వుతోంది, గట్టి ముళ్లతో వలలు చింపుతోంది. లాభం వ్యాపారిది, చిరిగిన వల మత్స్యకారుడిది!

వన్యప్రాణి సంరక్షణ చట్టానికి 2022లో చేసిన సవరణ, సెక్షన్ 62ఎ ద్వారా ఇలాంటి జాతుల దిగుమతిని, వ్యాపారాన్ని నిషేధించే అధికారం కేంద్రానికిచ్చింది. దాన్ని వాడాల్సింది దుకాణం దగ్గర. నీటిలో ప్రాణవాయువు తగ్గినా గాలి మింగి బతికే చేపను, చెరువంతా పాకాక ఏరేస్తామనడం కంటితుడుపే. మెయిన్స్‌లో ‘అవగాహన కల్పించాలి’ అని ముగించే మిత్రులారా, ఆ చేపపిల్ల మీ ఊళ్లో ఈరోజు ఎంతకు దొరుకుతోందో కనుక్కుని రాయండి.