నల్లమల తేనె: హక్కు ఉంది సరే.. తాడు పట్టేదెవరు?

నల్లమల చెంచులకు కొండ తేనె తీయడమంటే ప్రాణాలతో చెలగాటమే. కొండ అంచు నుంచి తాడుపై కిందికి దిగాలి.. పైన ఆ తాడు పట్టుకునేది బావమరిది. తోబుట్టువు పసుపు కుంకుమల కోసమైనా వదలడని నమ్మకం!

2006 అటవీ హక్కుల చట్టం తేనె సేకరణను హక్కుగా గుర్తించింది. గిరిజన సహకార సంస్థ కొంటోంది కూడా. టైగర్ రిజర్వు ఆంక్షలు ఎలాగూ ఉన్నాయి.. అసలు చిక్కు మాత్రం రేటు దగ్గరే. పట్టులో తేనె ఉన్న భాగమే కోసి, పిల్ల పురుగులున్న భాగం వదిలేస్తే ఈగలు మళ్లీ తేనె పెడతాయి. దానికి ఓపిక, టైం కావాలి. కొనేదేమో కిలో లెక్కన.

కూలికెళ్తే ఈ ముప్పు లేదు. అలాంటప్పుడు కుర్రాళ్లు కొండ అంచుకు ఎందుకెళ్తారు? జాగ్రత్తగా కోసిన తేనెకు విడిగా ఎక్కువ రేటు పెట్టడం సంస్థ చేతుల్లోనే ఉంది.