నల్లపిల్లి చేసిన నేరమేమి?

ధ్యానభాగములు: ద్వితీయోపదేశకాండము 18:9–14, సంఖ్యాకాండము 12:1–10



గడచిన వర్షకాలములో మా సంఘపెద్ద యొకరును ఆయన భార్యయు నన్ను వెంటబెట్టుకొని విశాఖపట్టణమునకు వచ్చిరి. వారి ధాన్యపు కొట్టులో ఎలుకల బాధ హెచ్చినది. ఎలుకల మందు పెట్టుదమన్న కోళ్ళు తిని చచ్చునని భయము. కాబట్టి ఒక పిల్లిని తెచ్చుకొందమని, దిక్కులేని జంతువులను సాకుచున్న ఒక సంరక్షణశాలకు పోతిమి. ఒక బోనులో నాలుగు పిల్లలున్నవి. రెండు చారలవి, ఒకటి తెల్లది, ఒకటి నల్లది. మూడును మూలకు ఒదిగి కూర్చున్నవి. నల్లది మాత్రము ముందుకు వచ్చి, ఊచలకు తల రుద్దుకొని, ఆ యమ్మ చీర కొంగును పంజాతో లాగెను. అచ్చటి పనివాడు, "మంచి చురుకైనదండి. మూడు నెలలైంది వచ్చి. ఎవరూ తీసుకెళ్ళరు" అనెను. ఆ యమ్మ కొంగు విడిపించుకొని, "అయ్యగారూ, నల్లది వద్దండి. పెళ్ళీడు పిల్ల ఉన్న ఇల్లు" అనెను.

నేను సంఘకాపరిని. శకునములను గూర్చి ఎన్ని ప్రసంగములు చేసితినో లెక్కలేదు. అయినను ఆ దినమున నోరు మెదపలేదు. చారలదానిని సంచిలో పెట్టుకొని తిరిగి వచ్చితిమి. అక్కడ నేను పలుకవలసి యుండి పలుకని మాటలనే ఇప్పుడు వ్రాయుచున్నాను.

"మనుష్యులకే దిక్కులేని దినములలో పిల్లిని గూర్చి వ్రాయవలెనా?" అని మీలో కొందరు అడుగుదురు. న్యాయమైన ప్రశ్నయే. రెండు పిచ్చుకలు ఒక కాసునకు అమ్ముడుపోవు సంగతిని ప్రభువు ఎత్తి చెప్పినప్పుడు, పిచ్చుకలను గూర్చి మాత్రమే చెప్పలేదు గదా. చిన్నదానిని చూచు చూపును బట్టియే పెద్దదానిని చూచు చూపు తెలియును. కొంచెము ఓర్చుకొని చదువుడి.

మొదట ఉన్న సంగతిని ఉన్నట్లు చెప్పుదును. నల్లపిల్లులు సంరక్షణశాలలలో నిలిచిపోవుట మన దేశమున మాత్రమే కాదు. అమెరికాలో ఒక నగరపు సంరక్షణశాల లెక్కలను పరిశీలించి 2020లో ప్రకటించిన యొక అధ్యయనములో, నల్లపిల్లులకు పెంపుడు ఇండ్లు తక్కువగా దొరకుచున్నవనియు, చంపబడుట కొంత ఎక్కువగా నున్నదనియు తేలెను. ఆ భేదము కొండంత కాదు, అయినను ఉన్నది. దీనికంతటికి మూఢనమ్మకమే కారణమనుట కూడ సత్యము కాదు. నల్లపిల్లులు సంఖ్యలోనే ఎక్కువ. వెలుతురు చాలని బోనులో నల్లని ముఖము సరిగా కనబడదు, ఫోటోలోను అంతే. మనుష్యుడు కనబడినదానినే కోరుకొనును. కాని మన పల్లెలలో నుండి వచ్చువారు ఫోటో బాగుండలేదని మానుకొనుచున్నారా? లేదు. వారిని ఆపునది శకునము. మనవారికి ఏ పిల్లి ఎదురు వచ్చినను కీడే. నల్లదైనచో రెట్టింపు కీడు.

ఇప్పుడు ఆలోచింపుడి. ఇంగ్లండు నావికులు నల్లపిల్లి ఓడలో నున్నచో మేలని యెంచి ఏరికోరి పెంచుకొనెడివారు. జపానువారు నల్లపిల్లి బొమ్మ కీడును తరిమివేయునని గుమ్మమున పెట్టుకొందురు. 1933లో మన విశాఖ రేవు తెరచినప్పటినుండి దేశదేశముల ఓడలు వచ్చిపోవుచున్నవి. అట్టి ఓడలోని పిల్లి గట్టుమీద దిగిన క్షణముననే దాని మేలు కీడుగా మారునా? అది దాటినది రేవు గోడను మాత్రమే. పిల్లి మారలేదు; చూచు కన్ను మారినది. కనుక శకునము పిల్లిలో లేదు, మనలో నున్నది.

ఇక నలుపన్నది ఏమి? మన తల వెండ్రుకలకు నలుపునిచ్చు మెలనిన్ అను పదార్థమే దాని బొచ్చుకును రంగునిచ్చుచున్నది. చారలుగల తల్లికి, చారలుగల తండ్రికి కూడ నల్లపిల్ల పుట్టవచ్చును. దాగియున్న గుణము ఇరువైపుల నుండి కలిసినప్పుడు అట్లగును. ఇందులో దయ్యమునకు పనిలేదు. విశాఖపట్టణమున నుండి నలుపును అసహ్యించుకొనుట మరియు వింత! రేవులో దిగు బొగ్గు నలుపు. ఆ బొగ్గు కోకుగా కాలి, ముడి ఇనుమును కరగించనిదే ఉక్కు లేదు. మన బిడ్డలు ఆ మసిలో పనిచేసి తెచ్చు జీతమును "ఇది నల్లని చోటు నుండి వచ్చినది, కీడు" అని ఎవడైన త్రోసివేసెనా?

"ఇవి అన్యుల ఆచారములు, పాతవాసన ఇంకను పోలేదు" అని పొరుగువారిమీదికి నెట్టుట మనకు అలవాటు. నిలువుడి. 1233లో రోమా సంఘాధిపతియైన తొమ్మిదవ గ్రెగొరీ ఒక పత్రికను జర్మను దేశమునకు పంపెను. సంఘమును విడిచినవారు రహస్యముగా కూడుకొందురనియు, అక్కడ ఒక నల్లపిల్లి ప్రత్యక్షమగుననియు, వారు దానిని గౌరవింతురనియు అందులో వ్రాయబడెను. తరువాతి శతాబ్దములలో మంత్రగత్తెలని నిందింపబడిన అనేక స్త్రీలు మరణశిక్ష పొందిరి. వారి యింటి పిల్లియు దయ్యపు తోడని నింద మోసెను. ఇది రోమావారి తప్పిదము మాత్రమే అని మనము చేతులు కడుగుకొన వీలులేదు. లూథరు బోధను, కాల్విను బోధను అంగీకరించిన దేశములలోను అట్టి తీర్పులు జరిగినవి. నల్లపిల్లిమీద నింద మోపినవారిలో బైబిలు చేతపట్టినవారును ఉన్నారు. కాబట్టి దానిని దించవలసిన బాధ్యతయు మనదే.

1805లో లండను మిషనరీలు విశాఖపట్టణమున దిగిరి. అప్పటికిని ఇప్పటికిని రెండు వందల యేండ్లు దాటినవి. సువార్త విని రెండు శతాబ్దములు గడచిన ఈ సీమలో, విశ్వాసి ఆదివారమున మందిరమునకు బయలుదేరి, పిల్లి అడ్డము రాగా వెనుకకు మరలి, కాసేపు కూర్చుండి, మంచినీళ్ళు త్రాగి తిరిగి బయలుదేరుచున్నాడు! దేవుని సన్నిధికి పోవుటకు పిల్లి సెలవు కావలెనా?

అడిగినచో వచ్చు జవాబు నాకు తెలియును. "నమ్మకమేమీ లేదండి అయ్యగారూ, ఎందుకైనా మంచిదని." ప్రియులారా, ఈ "ఎందుకైనా మంచిదని" అను మాటయే మన సంఘములకు పట్టిన చెదపురుగు. బాహాటముగా విగ్రహము పెట్టినవానిని సంఘమునుండి తొలగించెదము. "ఎందుకైనా మంచిదని" అను దానికి ఇంటిలో పీట వేయుదుము. బబులోను రాజు బాట చీలినచోట నిలిచి శకునము చూచెనని యెహెజ్కేలు 21వ అధ్యాయములో చదువుచున్నాము. రాజు బాణములను ఆడించెను, మనము పిల్లిని చూచితిమి. భేదమేమి?

ఇంకొక సంగతి యున్నది, అది మరింత సిగ్గుచేటు. బండి నడుపువాడు పిల్లి దాటగానే ఆగి, వెనుక వచ్చు మరియొక బండి ముందుగా పోవువరకు కనిపెట్టును. ఎందుకు? ఆ కీడు మొదట దాటినవానికి తగులవలెనని! నిజముగా అక్కడ కీడున్నదని నీవు నమ్మినచో, ఎరుగని పొరుగువానిని దానిలోనికి పంపుచున్నావు. లేదని నమ్మినచో, ఎందుకు ఆగితివి? నిన్నువలె నీ పొరుగువానిని ప్రేమించుట ఇదియేనా?

"పిల్లి ఎదురైన దినమున నిజముగానే నష్టము కలిగెను" అందురు. కలిగియుండవచ్చును. పిల్లి ఉదయ సాయంకాలముల మసకలో వేటకు తిరుగును. మనమును ఆ వేళకే పొలమునకు, రైలుకు బయలుదేరుదుము. కలియకుండుట ఎట్లు? పిల్లి ఎదురై క్షేమముగా తిరిగి వచ్చిన నూరు దినములను మరచి, నష్టము కలిగిన ఒక్క దినమును చెప్పుకొనుచున్నాము.

ఇప్పుడు ఆ యమ్మ సంగతికి వత్తును. "పెళ్ళీడు పిల్ల ఉన్న ఇల్లు" అనెను గదా. ఆ పిల్ల గుణవంతురాలు, చదువుకొన్నది, పాటలలో మా సంఘమునకు ముందు నిలుచును. రెండు సంబంధములు వచ్చి వెనుకకు పోయినవి. వచ్చినవారు క్రైస్తవులే. "పిల్ల మంచిదే గాని రంగు తక్కువ" అని కబురంపిరి. ఆ రాత్రి ఆ తల్లి మా యింటి అరుగుమీద కూర్చుండి, "నా బిడ్డ చేసిన నేరమేమిటి అయ్యగారూ?" అని యేడ్చెను. అదే తల్లి, ఆరు మాసములు గడువక మునుపే, తన కొంగు పట్టుకొన్న నల్లని ప్రాణిని అదే నేరమునకు త్రోసివేసెను. నేను ఆమెను నిందించుటలేదు; పక్కన నిలిచి మౌనముగా నున్నవాడను నేనే. నల్లపిల్లికి, నల్లపిల్లకు వ్రాతలో ఒక్క గుడియే భేదము. తీర్పు తీర్చు నోరు ఒక్కటే.

మోషే కూషుదేశపు స్త్రీని వివాహమాడెనని మిర్యాము విరోధముగా మాటలాడెను. ఆమెకు కలిగిన శిక్ష యేమి? కుష్ఠముచేత మంచువలె తెల్లబడెను. తెలుపే దీవెనయని యెంచువారు ఈ అధ్యాయమును నెమ్మదిగా చదువవలెను.

అంతటితో ఆగదు. మన పల్లెలలో పిల్లితోకూడ ఎదురు రాకూడనివారెవరు? విధవరాలు. పెండ్లివారు బయలుదేరు వేళ మన సంఘములోని విధవరాండ్రు తామంతట తామే ప్రక్కకు తొలగి, తలుపు చాటున నిలుచుటను నేను చూచితిని. వారిని ఎవరు పొమ్మనిరి? ఎవరును అనలేదు. పిల్లిని తరిమిన శకునమే వారినిని తరిమెను. ప్రభువు నాయీను గవిని యొద్ద తనకు ఎదురైన విధవరాలిని చూచి కనికరపడెను, త్రోవ మార్చుకొనలేదు.

కావున నేను అడుగునది ఇది. పిల్లి కావలసినవారు సంరక్షణశాలకు పోయినప్పుడు, మొదట నల్లదానిని చూపుమని అడుగుడి. విశాఖపట్టణమున ప్రదీప్ కుమార్ నాథ్ గారు 1996లో స్థాపించిన విశాఖ జంతు సంరక్షణ సంఘమువంటివి దిక్కులేని ప్రాణులకై పాటుపడుచున్నవి. తెచ్చుకొన్న పిల్లికి పశువుల వైద్యునిచేత రేబీసు టీకా వేయించుడి. పిల్లలు కాకుండ శస్త్రచికిత్స చేయించుడి. ఎలుకలనే తిని బ్రదుకునని వదలక కూడు, నీళ్ళు పెట్టుడి. పుట్టిన పిల్లలను గోనెసంచిలో కట్టి ఏటి అవతల విడుచు అలవాటును మానుడి. ఆకలిదప్పులతో బాధపడునట్లు జంతువును విడిచిపెట్టుట 1960 నాటి జంతుహింసా నివారణ చట్టము ప్రకారము నేరము. చట్టముకంటె ముందే, నీతిమంతుడు తన పశువు ప్రాణమును లక్ష్యపెట్టునని సామెతల గ్రంథము మనకు బోధించెను. పెంచ శక్తిలేనివారు తేకుండుటయే మేలు. వారు కనీసము దారిన పోవుదానిని రాయితో కొట్టకుండవలెను.

నా మాట ముగించెదను. నెల తిరిగిన తరువాత నేను ఒంటరిగా ఆ సంరక్షణశాలకు మరల పోతిని. అది అదే బోనులో నున్నది, మిగిలినవి పోయినవి. ఇప్పుడు మా యింటనున్నది. మొదటి వారములలో కొందరు మా గుమ్మము వరకు వచ్చి, దానిని చూచి, ఆగిరి. ఒక పెండ్లి దినమున "కొంచెము సేపు గదిలో మూసెదరా అయ్యగారూ" అని అడిగిరి. మూయలేదు. ఆ పెండ్లివారు ఇప్పుడు సుఖముగా కాపురము చేసికొనుచున్నారు.

మా సంఘమువారలారా, ఈ ఆదివారమున మందిరమునకు వచ్చునప్పుడు అది మీకు ఎదురు రావచ్చును. ఆగకుడి. లోపలికి రండి. తలుపు చాటున నిలిచిన అక్కను చేయిపట్టి ముందు వరుసకు తీసికొని రండి.